కప్ప మాట ఎవరడిగారు?

శనివారం పొద్దున్నే లెక్సింగ్టన్ ఊరి నడిబొడ్డున రైతులు కూరగాయలు తెచ్చి అమ్ముతారు. వేసవిలో లేత బెండకాయలు, చెట్టునే పండిన టమాటాలు, మొక్కజొన్న కండెలు దొరుకుతాయి. అమెరికాలోని ఈ కెంటకీ రాష్ట్రానికి వచ్చిన కొత్తలో చాలా నెలలు వారం వారం వెళ్ళి సంచీ నింపుకుని వచ్చేదాన్ని గానీ, అక్కడున్న బోర్డులో ఏముందో చూడలేదు. ఒక శనివారం మా అబ్బాయి దాని ముందు ఆగి, కూడబలుక్కుని చదివి, "అమ్మా, ఇక్కడ మనుషుల్ని అమ్మేవాళ్ళట" అన్నాడు.

అప్పట్లో ఆ చోటు పేరు చీప్‌సైడ్. అమెరికా అంతర్యుద్ధానికి (1861-65) ముందు కెంటకీలో బానిసలను వేలం వేసిన పెద్ద సంతల్లో అదొకటి. అప్పటికి అక్కడే రెండు విగ్రహాలు కూడా ఉండేవి. ఒకటి గుర్రం మీదున్న జాన్ హంట్ మోర్గన్‌ది, రెండోది జాన్ బ్రెకిన్‌రిడ్జ్‌ది. ఇద్దరూ కాన్ఫెడరసీ సైన్యంలో, అంటే బానిసత్వాన్ని నిలబెట్టడానికి దేశం నుంచి విడిపోయి పోరాడిన దక్షిణ రాష్ట్రాల సైన్యంలో, జనరల్స్. ఆ విగ్రహాలను 2017 అక్టోబర్‌లో తీసి శ్మశానవాటికకు తరలించారు. నాకు అర్థం కానిది ఒక్కటే. కెంటకీ అసలు కాన్ఫెడరసీలో చేరలేదు కదా. యుద్ధమంతా యూనియన్‌లోనే, అంటే లింకన్ ప్రభుత్వం వైపే ఉంది, గెలిచిన వైపే ఉంది. మరి ఓడిపోయినవాళ్ళ సేనానులు ఊరి మధ్యలో ఎందుకు నిలబడ్డారు?

ఆఫీసులో అడిగితే ఒక పెద్దాయన చాలా ఓపికగా చెప్పారు. "మాది రెండుగా చీలిన రాష్ట్రం. ఒకే ఇంట్లో అన్న అటు, తమ్ముడు ఇటు. రెండు వైపులా మా వాళ్ళే, అందుకే ఇద్దరినీ గుర్తుపెట్టుకుంటాం" అన్నారు. ఆ తర్వాత ఇదే మాట మ్యూజియంలో విన్నాను, మా అబ్బాయి స్కూల్లో విన్నాను. చాన్నాళ్ళు నమ్మాను కూడా. ఇప్పుడు నమ్మడం లేదు. ఎందుకో చెప్పాలనే ఇదంతా రాస్తున్నాను.

ముందు ఆ కథలో నిజమెంతో చెప్పాలి. చాలా ఉంది. లింకన్ 1809లో పుట్టింది కెంటకీలో. ఆయనకు ఎదురు నిలిచిన కాన్ఫెడరసీ అధ్యక్షుడు జెఫర్సన్ డేవిస్ అంతకు ఎనిమిది నెలల ముందు, 1808లో పుట్టిందీ కెంటకీలోనే. రెండు ఊళ్ళ మధ్య దూరం ఓ వంద మైళ్ళు. యుద్ధం రాకుండా ఆపాలని 1860 డిసెంబర్‌లో సెనేట్‌లో రాజీ ప్రతిపాదన పెట్టిన జాన్ క్రిటెండెన్ కెంటకీ మనిషి. ఆయన కొడుకుల్లో థామస్ యూనియన్ జనరల్ అయ్యాడు, జార్జ్ కాన్ఫెడరసీ జనరల్ అయ్యాడు. లింకన్ భార్య మేరీ టాడ్ పుట్టిల్లు మా లెక్సింగ్టనే. ఆమె సవతి తమ్ముళ్ళు కాన్ఫెడరసీ సైన్యంలో చేరారు, వాళ్ళలో శామ్యూల్ 1862లో షైలో యుద్ధంలో పోయాడు. చెల్లెలు ఎమిలీ భర్త బెంజమిన్ హార్డిన్ హెల్మ్‌కు యూనియన్ సైన్యంలో మంచి ఉద్యోగం ఇస్తానని లింకన్ స్వయంగా చెప్పినా వద్దని అటు వెళ్ళాడు. 1863 సెప్టెంబర్‌లో చికమాగా దగ్గర గాయపడి చనిపోయాడు. విధవరాలైన ఎమిలీ ఆ చలికాలంలో వైట్‌హౌస్‌కు వస్తే, శత్రువు భార్యను ఇంట్లో పెట్టుకున్నాడని లింకన్‌ను తప్పుపట్టినవాళ్ళున్నారు.

ఇవి విన్నప్పుడు మనసు కరగకుండా ఎలా ఉంటుంది? పల్నాటి కథ, కురుక్షేత్రం కథ వింటూ పెరిగినవాళ్ళం. దాయాదుల పోరు అనగానే మనకు ఇద్దరి మీదా జాలి పుడుతుంది. కెంటకీ తన గురించి తాను చెప్పుకునే కథ బలం కూడా అక్కడే ఉంది. వింటున్నవాడి కళ్ళు ఆ అన్నదమ్ముల మీదే నిలిచిపోతాయి, ఇంటి వెనక గుడిసెలో ఎవరున్నారో చూడాలని తోచదు.

1861 ఏప్రిల్‌లో యుద్ధం మొదలవగానే లింకన్ రాష్ట్రాలన్నిటినీ సైనికులను పంపమన్నాడు. కెంటకీ గవర్నర్ బెరయా మగోఫిన్, సోదర దక్షిణ రాష్ట్రాలను అణచే దుష్టకార్యానికి కెంటకీ ఒక్క మనిషినీ పంపదని జవాబిచ్చాడు. అలాగని అటూ చేరలేదు. మే నెలలో శాసనసభ, ఆ వెంటనే గవర్నర్, మేం తటస్థం అని ప్రకటించారు. ఒక దేశంలో భాగమైన రాష్ట్రం ఆ దేశపు అంతర్యుద్ధంలో తటస్థంగా ఉంటాననడం ఎంత వింతో ఆలోచించండి. కురుక్షేత్రంలో బలరాముడు ఎవరి వైపూ ఉండలేక తీర్థయాత్రకు వెళ్ళిపోయాడు. మనిషి కాబట్టి వెళ్ళగలిగాడు. ఉత్తరాన ఒహాయో నది, పడమట మిసిసిపీ, దక్షిణాన టెనెసీ. వాటి మధ్య పరచుకున్న నేల ఏ తీర్థానికి పోతుంది?

ఆ వేసవంతా కెంటకీ రెండు చేతులా సంపాదించింది. లూయివిల్ నుంచి నాష్‌విల్‌కు వెళ్ళే రైళ్ళు తిండిగింజలు, మాంసం, సరుకులు నింపుకుని దక్షిణానికి పరుగులు తీశాయి. రాష్ట్రంలోనే రెండు సాయుధ దళాలు తయారయ్యాయి. సైమన్ బక్నర్ నాయకత్వంలోని స్టేట్ గార్డ్ మనసు దక్షిణం వైపు, హోమ్ గార్డుల మనసు యూనియన్ వైపు. రెండు దళాలకూ దొంగచాటుగా తుపాకులు చేరుతూనే ఉన్నాయి.

లింకన్ తొందరపడలేదు. కెంటకీ పోతే ఆట మొత్తం పోయినట్టే, ఆపైన మిస్సోరీ నిలవదు, మేరీల్యాండ్ కూడా నిలవదని ఆ సెప్టెంబర్‌లో ఒక మిత్రుడికి రాసిన ఉత్తరంలో చెప్పుకున్నాడు. అందుకే కాచుకుని కూర్చున్నాడు. జూన్‌లో పార్లమెంటు ఎన్నికలు వచ్చాయి, పదింట తొమ్మిది సీట్లు యూనియన్ పక్షానికే. ఆగస్టులో శాసనసభ ఎన్నికల్లో దిగువ సభలో 76 మంది యూనియన్ వాళ్ళు, 24 మంది ఎదుటివాళ్ళు. చివరికి తొందరపడింది కాన్ఫెడరసీ. బిషప్‌గా ఉండి జనరల్ అయిన లియొనిడాస్ పోక్ సెప్టెంబర్ మొదట్లో మిసిసిపీ ఒడ్డున కొలంబస్ ఊరిని పట్టుకున్నాడు. రెండు మూడు రోజుల్లో యూనియన్ జనరల్ గ్రాంట్ వచ్చి పడూకా ఊరిని పట్టుకున్నాడు. శాసనసభ కాన్ఫెడరసీ సైన్యాన్ని మాత్రమే బయటికి పొమ్మంది. గవర్నర్ వీటో చేస్తే దాన్నీ తోసేసింది. తటస్థత నాలుగు నెలల్లో ముగిసింది.

దీన్ని మెచ్చుకునే చరిత్రకారులు చాలామంది ఉన్నారు, వాళ్ళ వాదన నేను కొట్టిపారేయను. ఆ నాలుగు నెలలు లేకపోతే, ఏప్రిల్ వేడిలోనే తేల్చుకోమని లింకన్ ఒత్తిడి చేసి ఉంటే, కెంటకీ అటు పోయి ఉండొచ్చు. ఒహాయో నది సరిహద్దయిపోయేది. యుద్ధం ఫలితమే మారిపోయేదేమో. తమ పొలాల్లో యుద్ధం జరగకూడదని ఒక రాష్ట్రం కోరుకోవడం తప్పెలా అవుతుంది? తర్వాత 1862 అక్టోబర్ 8న కెంటకీలోనే పెరీవిల్ దగ్గర ఒక్క మధ్యాహ్నం ఏడు వేల మందికి పైగా చనిపోవడమో గాయపడడమో జరిగింది. వాళ్ళ భయం ఉత్త భయం కాదు.

నా పేచీ వేరే చోట ఉంది. కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం అంటాం కదా. చిన్నప్పుడు మా నాన్న నోట ఎన్నిసార్లు విన్నానో. ఆయన కృష్ణా జిల్లాలో స్కూలు మేష్టారు, రెండెకరాల పొలం కూడా ఉండేది. నాకు పదేళ్ళప్పుడు ఊళ్ళో కూలి రేట్ల దగ్గర గొడవొచ్చింది. కోతలకు రామని కూలీలు, పాత రేటే ఇస్తామని పెద్ద రైతులు. మా పొలం దున్నే ఆయన ఒక రాత్రి ఇంటికొచ్చి, అరుగు కింద నిలబడి, "మీరొక్క మాట చెప్పండి మేష్టారూ, మీ మాట వింటారు" అని అడిగాడు. నాన్న ఈ సామెతే చెప్పారు. ఆయన అటు వైపూ మాట్లాడలేదు, ఇటు వైపూ మాట్లాడలేదు. వారం తిరక్కుండా కూలీలు పాత రేటుకే కోతలకు దిగారు. ఆ మనిషి కుటుంబం మాత్రం ఆ సంక్రాంతి వెళ్ళాక ఊరొదిలి వెళ్ళిపోయింది. నాన్న మంచివారు. ఆ రోజూ మంచివారే.

కెంటకీ చరిత్ర చదువుతుంటే ఆ సామెత కొత్తగా వినిపించింది. అందులో ఇబ్బంది అంతా మధ్యలో నిలబడి చూస్తున్నవాడిదే. అయ్యో, ఎటు చెప్పినా ఒకరికి కోపమే అని వాడి మీద మనకు జాలి. కప్ప అప్పటికే పాము నోట్లో ఉందన్న సంగతి సామెతలోనే ఉంది, కానీ మన చెవికి ఆనదు.

1860 జనాభా లెక్కల ప్రకారం కెంటకీ జనాభా సుమారు 11 లక్షల 55 వేలు. వారిలో 2,25,483 మంది బానిసలు. ప్రతి అయిదుగురిలో ఒకరు. తటస్థత ప్రకటన వీళ్ళను అడిగి చేసింది కాదు. ఆ ఎన్నికల్లో వీళ్ళకు ఓటు లేదు. కెంటకీ తటస్థం అంటే తెల్లవాళ్ళు తెల్లవాళ్ళతో కొట్లాడకుండా ఉండడం. బానిసల విషయంలో ఆ రాష్ట్రం ఒక్క రోజు కూడా తటస్థంగా లేదు, యజమాని వైపే ఉంది.

యూనియన్ పక్షానికి ఓటేసినవాళ్ళూ అంతే. కెంటకీ విధేయత అన్నకూ తమ్ముడికీ మధ్య చీలిందనడం నాకు సగం నిజంలాగే కనిపిస్తుంది. అసలు చీలిక ఒక్కొక్క మనిషి లోపల ఉంది. వాళ్ళకు యూనియనూ కావాలి, బానిసలూ కావాలి. 1860 ఎన్నికల్లో కెంటకీ ఎవరికి ఓటేసిందో చూడండి. బానిసత్వం ఊసెత్తకుండా రాజ్యాంగం, యూనియన్ అని మాత్రమే మాట్లాడిన జాన్ బెల్‌కు. ఇక్కడే పుట్టిన లింకన్‌కు రాష్ట్రం మొత్తం మీద పడ్డవి 1,364 ఓట్లు. యూనియన్‌లో ఉంటేనే రాజ్యాంగం మన బానిసల మీద మన హక్కును కాపాడుతుందని వాదించినవాళ్ళు, బానిసల కోసమే యూనియన్‌ను పట్టుకుని కూర్చున్నవాళ్ళు, వేలల్లో ఉన్నారు. పెరీవిల్‌కు ముందు కాన్ఫెడరసీ జనరల్ బ్రాగ్ కెంటకీ కుర్రాళ్ళకు ఇద్దామని బళ్ళ కొద్దీ తుపాకులు తెచ్చాడు. పట్టుకునేవాళ్ళు రాలేదు. దాన్ని యూనియన్ మీద ప్రేమకు రుజువుగా చెబుతారు. కావచ్చు. పంట, పశువులు, పనివాళ్ళు అన్నీ చేతిలో ఉండగా పోరాటానికి ఎవరెళ్తారన్నది కూడా అందులో ఉంది.

1862లో లింకన్ వాళ్ళకు ఒక దారి చూపించాడు. మీ అంతట మీరు మెల్లగా బానిసలను విడిచిపెట్టండి, కేంద్రం డబ్బు ఇస్తుందన్నాడు. జూలైలో, బానిసత్వం ఉన్నా యూనియన్‌లోనే మిగిలిన సరిహద్దు రాష్ట్రాల ప్రతినిధులను పిలిపించి, యుద్ధం ఒరిపిడికే ఈ వ్యవస్థ అరిగిపోతుంది, అప్పుడు మీ చేతికి ఏమీ రాదని ముఖం మీదే చెప్పాడు. ఎక్కువమంది ఒప్పుకోలేదు. 1863 జనవరి 1 విముక్తి ప్రకటన తిరుగుబాటు చేసిన ప్రాంతాలకే వర్తించింది, కాబట్టి కెంటకీలో బానిస బానిసగానే మిగిలాడు. విశ్వాసంగా ఉన్నందుకు యజమానికి దక్కిన బహుమానం అది.

1864 వచ్చేసరికి సైన్యానికి మనుషులు చాలక కెంటకీలో నల్లవాళ్ళను చేర్చుకోవడం మొదలుపెట్టారు. మొదట యజమాని ఒప్పుకుంటేనే, జూన్ నాటికి ఒప్పుకోకపోయినా. చేరినవాడికి ఆ రోజే స్వేచ్ఛ. యజమాని యూనియన్ మనిషైతే 300 డాలర్ల దాకా పరిహారం ఇస్తామన్నారు. అయినా రాష్ట్రం భగ్గుమంది. ఫ్రాంక్ వుల్ఫర్డ్ అని యూనియన్ అశ్వికదళంలో పేరున్న కల్నల్, కాన్ఫెడరసీ మీద ఎన్నో పోరాటాలు చేసినవాడు. ఆ మార్చిలో ఇదే లెక్సింగ్టన్‌లో ఆయనకు సన్మానం చేసి కత్తి బహూకరించారు. ఆ వేదిక మీదే నల్లవాళ్ళను సైన్యంలో చేర్చుకోవడాన్ని ఎదిరించాలని ప్రసంగించి ఉద్యోగం పోగొట్టుకున్నాడు. బానిసత్వం తప్పు కాకపోతే ఇక తప్పన్నది ఏదీ లేదని లింకన్ రాసిన ప్రసిద్ధ వాక్యం ఉంది కదా, అది ఆ ఏప్రిల్‌లో కెంటకీ రాజధాని ఫ్రాంక్‌ఫర్ట్‌లోని పత్రికా సంపాదకుడు ఆల్బర్ట్ హాడ్జెస్‌కు రాసిన ఉత్తరంలోది. ఆయన గవర్నర్‌తో కలిసి వాషింగ్టన్ వెళ్ళి మొరపెట్టుకున్నది ఈ చేరికల గురించే. విగ్రహాల కింద చెక్కే ఆ మాట, విధేయంగా ఉన్న ఒక రాష్ట్రానికి చెప్పుకోవాల్సి వచ్చిన సంజాయిషీ.

బానిసలు మాత్రం ఊగిసలాడలేదు. దారిలో పట్టుబడితే కొరడా దెబ్బలు. చెవులు కోసేశారని అప్పటి ఒక సైనికాధికారి నివేదికలో ఉంది. అయినా రాత్రిళ్ళు నడిచి వచ్చారు. కెంటకీ నుంచి 23,703 మంది నల్లవాళ్ళు యూనియన్ సైన్యంలో చేరారు, లూసియానా తర్వాత ఇదే అత్యధికం. సైన్యంలో చేరే వయసున్న నల్లజాతి మగవాళ్ళలో సగానికి పైగా. ఏ వైపు ఉండాలన్న టెన్షన్ వాళ్ళలో ఒక్కరికీ ఉన్నట్టు కనబడదు. చీలిన రాష్ట్రం కథలో చీలని ఈ జనానికి చోటు ఎందుకు లేదు?

వాళ్ళలో పది వేల మందికి పైగా చేరిన చోటు క్యాంప్ నెల్సన్. మా ఇంటికి ఇరవై మైళ్ళు. చేరినవాడికి స్వేచ్ఛ వచ్చింది గానీ, వెంట వచ్చిన పెళ్ళాం పిల్లలు చట్టం దృష్టిలో ఇంకా బానిసలే, ఇంకా ఎవరో ఒకరి ఆస్తే. శిబిరం పక్కన గుడిసెలు వేసుకుని బతికారు. 1864 నవంబర్ చివర్లో, గడ్డకట్టే చలిలో, శిబిరం అధికారి స్పీడ్ ఫ్రై వాళ్ళను వెళ్ళగొట్టమని ఆజ్ఞ ఇచ్చాడు. ఆయనా కెంటకీవాడే, యూనియన్ జనరలే. సుమారు 400 మంది ఆడవాళ్ళను, పిల్లలను బళ్ళలో ఎక్కించి బయటికి తోలారు, గుడిసెలు కూల్చేశారు. వంద మందికి పైగా చనిపోయారు.

జోసెఫ్ మిల్లర్ అనే సైనికుడు ఆ వారంలోనే ప్రమాణపూర్వకంగా ఇచ్చిన వాంగ్మూలం ఉంది. ఏడేళ్ళ కొడుక్కి జబ్బుగా ఉంది, ఈ చలిలో తీసుకెళ్తే పోతాడని కాపలావాడితో మొత్తుకున్నాడు. బండి ఎక్కకపోతే అందరినీ కాల్చేస్తానన్నాడు కాపలావాడు. సాయంత్రం ఆరు మైళ్ళు నడిచి నికలస్‌విల్‌లో ఒక పాత ప్రార్థనామందిరంలో కుటుంబాన్ని కనుక్కునేసరికి పిల్లాడు చనిపోయి ఉన్నాడు. రాత్రికి శిబిరంలో ఉండాలి కాబట్టి వెనక్కి నడిచాడు. మర్నాడు మళ్ళీ నడిచి వెళ్ళి, తన చేతులతో గొయ్యి తవ్వి పాతిపెట్టాడు. కొన్ని వారాల్లో భార్య, మిగతా పిల్లలు పోయారు. జనవరిలో ఆయనా పోయాడు. ఈ వాంగ్మూలం ఉత్తరాది పత్రికలకెక్కి గొడవయ్యాక ఆజ్ఞ రద్దయింది. 1865 మార్చి 3న సైనికుల భార్యాపిల్లలు స్వేచ్ఛాజీవులని కేంద్రం చట్టం చేసింది.

కెంటకీలో కొందరు ఇక్కడ ఇంకో వాదన తెస్తారు. యుద్ధం తర్వాత రాష్ట్రం మనసు దక్షిణం వైపు మళ్ళడానికి కారణం బానిసలు కాదు, సైనిక పాలన క్రౌర్యం అంటారు. జనరల్ బర్‌బ్రిడ్జ్ 1864 జూలైలో ఇచ్చిన 59వ నంబర్ ఆజ్ఞను చూపిస్తారు. ఒక యూనియన్ మనిషిని చంపితే నలుగురు గెరిల్లా ఖైదీలను కాల్చమన్న ఆజ్ఞ అది. దాని కింద ఏ పాపం ఎరగనివాళ్ళూ చనిపోయారు. ఘోరమే, సమర్థించను. కానీ తేదీలు చూడండి. వుల్ఫర్డ్ ప్రసంగం మార్చిలో. గవర్నర్ వాషింగ్టన్ ప్రయాణం కూడా అప్పుడే. ఆజ్ఞ జూలైలో. కోపం ముందు పుట్టింది, కారణం తర్వాత దొరికింది.

ఆ కోపం ఎంత దూరం పోయిందంటే, 1865 ఫిబ్రవరిలో బానిసత్వాన్ని రద్దు చేసే 13వ సవరణను కెంటకీ శాసనసభ తిరస్కరించింది. కాన్ఫెడరసీ కూలిపోయి, దాని సేనాని లీ లొంగిపోయి, లింకన్ హత్య జరిగిపోయాక కూడా ఇక్కడ మనుషులు బానిసలుగా ఉన్నారు. మిగతా రాష్ట్రాల ఓట్లతో సవరణ అమల్లోకి వచ్చిన ఆ డిసెంబర్ దాకా కెంటకీలో, డెలావేర్‌లో బానిసత్వం చట్టబద్ధమే. కెంటకీ ఆ సవరణను ఆమోదించింది 1976లో. మా ఆఫీసు పెద్దాయన అప్పటికి హైస్కూల్లో ఉండి ఉంటారు.

మొదట్లో నేను అడిగిన ప్రశ్నకు జవాబు ఇదేననుకుంటున్నాను. విగ్రహాలు అన్నదమ్ములిద్దరినీ గుర్తుపెట్టుకోవడానికి పెట్టినవి కావు. స్టేట్ గార్డ్ నుంచి కాన్ఫెడరసీకి వెళ్ళి జనరలైన బక్నర్ 1887లో ఇదే రాష్ట్రానికి గవర్నర్ అయ్యాడు. డేవిస్ పుట్టిన ఫెయిర్‌వ్యూలో 351 అడుగుల స్తంభం 1924లో పూర్తయింది. ఫ్రాంక్‌ఫర్ట్ అసెంబ్లీ భవనంలో లింకన్ ఉన్న హాల్లోనే డేవిస్ కూడా 2020 జూన్ దాకా నిలబడ్డాడు. క్యాంప్ నెల్సన్‌కు జాతీయ స్మారకం హోదా వచ్చింది 2018లో.

కిందటేడు అమ్మానాన్నలు వచ్చినప్పుడు నాన్నను అక్కడికి తీసుకెళ్ళాను. 1860 లెక్కల గురించి కార్లో చెప్పాను. బానిసల జాబితాలో యజమాని పేరు మాత్రమే రాసి, దాని కింద వరసగా వయసు, ఆడా మగా, రంగు రాసేవారు. మనిషి పేరుకు గడి లేదు. నాలుగేళ్ళ తర్వాత ఆ మనుషులే సైన్యంలో చేరితే రిజిస్టర్‌లో పేర్లు పడ్డాయి. నాన్న ఏమీ అనలేదు. సైనికుల సమాధుల మధ్య చాలాసేపు నడిచారు. తర్వాత ఒక వరస చివర ఆగి, కళ్ళజోడు సవరించుకుని, మొదటి రాయి మీద పేరు పైకి చదివారు. తర్వాత రెండోది. ముప్పై రెండేళ్ళు క్లాసులో హాజరు పిలిచిన గొంతు అది. ఒక్కో పేరు చదివాక కాస్త ఆగి, అడుగు ముందుకేసి, ఆ వరస చివరిదాకా చదివారు.